జెర్రిపోతు, నీరుకట్టె లాంటి విషం లేని పాములు ఇంట్లోకి రాకుండా ఏం చేయాలి?

వానలు పడటం మొదలైతే చాలు, నా ఫోన్ మోగుతూనే ఉంటుంది. తెనాలి చుట్టుపక్కల ఊళ్లలో, పొలాల పక్కన వేసిన కొత్త లేఅవుట్లలో పాము కనిపిస్తే నన్ను పిలుస్తారు. వెళ్లి పట్టుకుని, అటవీ శాఖ వాళ్లకి చెప్పి, జనం తిరగని చోట వదిలి వస్తాను. ఎక్కువసార్లు అక్కడ ఉండేది విషం లేని పామే. జెర్రిపోతో, నీరుకట్టో, గోడ మీద పాకే సన్నటి పామో. సగం ఇళ్లల్లో నేను వెళ్లేలోపే దాన్ని కర్రలతో కొట్టి చంపేసి ఉంటారు. మిగతా సగంలో నేను పాముని సంచిలో వేసుకుని బయల్దేరుతుంటే అడిగే ప్రశ్న ఒకటే. "ఇది మళ్లీ రాకుండా ఏం చేయాలి సార్, ఏ పొడి చల్లమంటారు?"

ఈ ఎపిసోడ్ మొత్తం ఆ ప్రశ్నకి జవాబే. ముందే ఒక మాట చెప్పేస్తాను. పొడి లేదు. చల్లితే పాము రాకుండా పోయే మందు ఏదీ లేదు. చేయాల్సింది మేస్త్రీ పని కొంత, ఊడ్చే పని కొంత. ఒక్క ఆదివారం కూర్చుంటే చాలావరకు అయిపోతుంది. ఖర్చు కూడా పెద్దగా ఉండదు.

అసలు పాము ఎందుకు వస్తుంది?

పాముకి మన మీద పగా లేదు, ప్రేమా లేదు. మూడు కారణాలకి వస్తుంది. తిండి, తడి, దాక్కోడానికి చోటు. ఏ పాము దేనికోసం వస్తుందో తెలిస్తే మన పని సులువు అవుతుంది.

జెర్రిపోతు ఎలుకల కోసం వస్తుంది. ఆరేడు అడుగులు పెరుగుతుంది, పగటిపూట తిరుగుతుంది కాబట్టి ఎక్కువగా కంట పడేది అదే. మీ పెరట్లో జెర్రిపోతు రోజూ కనిపిస్తోంది అంటే మీ ఇంటి దగ్గర ఎలుకలు బాగా ఉన్నాయని అర్థం. నీరుకట్టె, కొన్నిచోట్ల నీళ్లపాము అంటారు, కప్పల కోసం, చేపల కోసం వస్తుంది. కాలవ గట్లు, చెరువులు, వరి మళ్లు దాని ఊరు. వానాకాలం ఇంటి ముందు నీళ్లు నిలిచి కప్పలు చేరితే వాటి వెనకే ఇదీ వస్తుంది. రెచ్చగొడితే మెడ వెడల్పు చేసి పైకి లేస్తుంది, అది చూసి నాగుపాము అనుకుని చంపేస్తారు.

గోడలెక్కే పాము ఇంకొకటి ఉంది. గోధుమ రంగు ఒళ్లు, తెల్లటి అడ్డచారలు, మూరెడు పొడవు. ఇంగ్లీషులో ఉల్ఫ్ స్నేక్ అంటారు. ఇది బల్లుల కోసం వస్తుంది. రాత్రిపూట ట్యూబ్ లైట్ చుట్టూ పురుగులు, పురుగుల కోసం బల్లులు, బల్లుల కోసం ఇది. పెంకుటిళ్లలో, కిటికీ చట్రాల సందుల్లో దాక్కుంటుంది. పసిరిక పాము చెట్ల మీద, పాదుల మీద ఉంటుంది. ఇంట్లోకి రావాలని దానికి అస్సలు ఉండదు. పూలకుండీల్లో, బాత్రూమ్ తూముల్లో నల్లగా వానపాములా మెరుస్తూ కనిపించేది గుడ్డిపాము. చీమల గుడ్లు, చెదల గుడ్లు తింటుంది. నిద్రపోయేవాళ్ల చెవుల్లో దూరుతుందని చెప్తారు కానీ అది వట్టి మాట.

ఇప్పుడు ఆలోచించండి. నేను మీ పెరట్లోంచి ఒక జెర్రిపోతుని పట్టుకెళ్లాను, ఎలుకలు అక్కడే ఉన్నాయి. ఏమవుతుంది? పది రోజులకో నెలకో ఇంకో పాము వస్తుంది. వచ్చేది ఈసారి జెర్రిపోతే కానక్కర్లేదు. నాగుపాముకీ ఎలుకలంటే ఇష్టమే, రక్తపింజరకీ ఇష్టమే. అందుకే పాముని పంపించడం కన్నా పాముని పిలుస్తున్నదాన్ని తీసేయడం ముఖ్యం.

విషం లేనిదే కదా, ఎందుకింత హడావుడి?

ఇలా అడిగేవాళ్లూ ఉన్నారు. మంచి ప్రశ్నే. జెర్రిపోతు పెరట్లో ఉంటే నష్టం లేదు, లాభమే. ఎలుకలని అది తిన్నట్టు పిల్లి కూడా తినలేదు, ఎందుకంటే అది కలుగులోకే దూరి పిల్లల్ని కూడా తినేస్తుంది. గేదె కాళ్లకి చుట్టుకుని పాలు తాగుతుంది అంటారు. పాము నోటి నిండా లోపలికి వంగిన సూదుల్లాంటి పళ్లు, వాటితో పట్టుకుంటే ఏ గేదె అయినా నిలబడుతుందా? అసలు పాములు పాలు తాగే జీవులే కావు. నాగుపాముతో జత కడుతుంది అంటారు, అదీ కాదు. పొలంలో రెండు పాములు మెలేసుకుని లేస్తే సయ్యాట అంటూ జనం చేరతారు. జెర్రిపోతుల్లో ఎక్కువసార్లు అవి రెండు మగపాములు, ఆడదాని కోసం బలం చూసుకుంటున్నాయి.

మరి ఇంట్లోకి ఎందుకు రానివ్వకూడదు? అసలు కారణం గుర్తుపట్టడంలో పొరపాటు. ఇందాక చెప్పిన గోడలెక్కే పాముకీ, కట్లపాముకీ పోలిక ఉంది. రెండూ రాత్రిపూట తిరిగేవే, రెండింటికీ తెల్లచారలే. తేడాలు ఉన్నాయి. కట్లపాము నల్లగా నిగనిగలాడుతుంది. చారలు సన్నగా, చాలాసార్లు జంటలుగా ఉంటాయి. మెడ దగ్గర ఉండవు, కొంచెం కిందనించి మొదలై తోకవైపు బాగా కనిపిస్తాయి. రెండోదానికి చారలు మెడ దగ్గరే మొదలవుతాయి, వెడల్పుగా ఉంటాయి, తోకవైపు పోనుపోను మాసిపోతాయి. కట్లపాము వీపు మధ్య వరసలో పొలుసులు పెద్దవిగా, ఆరు పలకలుగా ఉంటాయి. ఇవన్నీ పుస్తకంలో బాగానే ఉంటాయి. రాత్రి రెండు గంటలకి, సెల్‌ఫోన్ లైట్ వెలుతురులో, మంచం కింద సగం మాత్రమే కనిపిస్తున్న పాము మీద ఈ లెక్కలన్నీ ఎవరు చూడగలరు? ఇది విషం లేనిదే అనుకుని చేత్తో తీయబోతే, అది కట్లపాము అయితే, ప్రాణం పోతుంది.

మన దేశంలో 2000 నుంచి 2019 వరకు పాముకాటుతో సుమారు 12 లక్షల మంది చనిపోయారని 2020లో వచ్చిన ఒక పెద్ద పరిశోధన లెక్క కట్టింది. ఏడాదికి 58 వేల మంది. మరణాలు ఎక్కువగా ఉన్న రాష్ట్రాల్లో మన తెలుగు ప్రాంతం కూడా ఉంది. అందుకే మన లక్ష్యం "విషం లేనివి రానీ, విషం ఉన్నవి ఆపుదాం" అని కాదు. అలా ఏరడం కుదరదు. ఏ పామూ గడప దాటకూడదు. పెరట్లో నిలవడానికి దానికి కారణం దొరకకూడదు. గోడ బయట అది బతకాలి. విషం లేనిదాన్ని ఆపే కన్నం మూసివేతే విషం ఉన్నదాన్నీ ఆపుతుంది. ఇంత చేస్తే ఏ పామో గుర్తుపట్టాల్సిన అవసరం మీకు చాలావరకు రాదు, జెర్రిపోతుని చంపాల్సిన అవసరమూ రాదు.

ముందు గడప: పెన్సిల్ పరీక్ష

పని ఇంటి నుంచి మొదలుపెట్టండి, పెరడు తర్వాత. ఒక పెన్సిల్ తీసుకోండి. మామూలు చెక్క పెన్సిల్, సుమారు 7 మిల్లీమీటర్ల మందం ఉంటుంది. ఇంటి గోడలకీ, తలుపులకీ ఉన్న ఏ సందులో అయితే ఆ పెన్సిల్ దూరుతుందో, ఆ సందులో పాముపిల్ల దూరుతుందని లెక్క వేసుకోండి. చిన్న ఎలుక కూడా దాదాపు అంత సందే అడుగుతుంది.

చీకటి పడ్డాక ఇంట్లో లైట్లన్నీ వేసి, తలుపులు మూసి, మీరు బయట నిలబడి చూడండి. తలుపు కింద నుంచి వెలుతురు గీతలా కనిపిస్తుంది కదా, అదే దారి. చాలా ఇళ్లల్లో వీధి తలుపు బాగానే ఉంటుంది, వెనక వంటింటి తలుపు కింద మాత్రం వేలు పట్టేంత సందు ఉంటుంది. దానికి హార్డ్‌వేర్ షాపులో అల్యూమినియం పట్టీకి రబ్బరు కానీ బ్రష్ కానీ బిగించినవి దొరుకుతాయి. తలుపు అడుగున స్క్రూలతో బిగించేయొచ్చు. వట్టి రబ్బరో స్పాంజో అంటిస్తే ఎలుక రెండు రాత్రుల్లో కొరికేస్తుంది. పట్టీ పెట్టించేదాకా రాత్రిపూట పాత దుప్పటి చుట్టి సందుకి అడ్డంగా గట్టిగా నొక్కి పెట్టండి. పొద్దున్న దాన్ని చేత్తో కాకుండా కర్రతో జరిపి తీయండి.

తర్వాత బాత్రూమ్. నీళ్లు పోయే తూముకి జాలీ ఉంటుంది కానీ అది ఊడిపోయి పక్కన పడి ఉంటుంది, లేదా సగం విరిగి ఉంటుంది. స్క్రూలతో బిగించే స్టీలు జాలీ పెట్టించండి, రంధ్రాలు పెన్సిల్ కన్నా సన్నగా ఉండాలి. తూములో ఎప్పుడూ నీళ్లు నిలిచే వంపు ఉంది కదా, పాము రాదు అనుకోకండి. ఆ నీళ్లు దానికి అడ్డం కాదు, ఈదుకుంటూ వస్తుంది. బయట గోడకి ఆ పైపు ఎక్కడ తేలుతుందో అక్కడ కూడా జాలీ ఉండాలి. సెప్టిక్ ట్యాంక్ గాలి గొట్టం పైన దోమల జాలీ చుట్టి వైరుతో కట్టేయండి, దోమలకీ మంచిదే.

ఇంకా చూడాల్సిన కన్నాలు చెప్తాను, రాసుకోండి. ఏసీ పైపు వెళ్లే రంధ్రం. వాషింగ్ మెషీన్ నీళ్ల గొట్టం వెళ్లే రంధ్రం. గ్యాస్ పైపు రంధ్రం. వంటింటి ఎగ్జాస్ట్ ఫ్యాన్, అది ఆగి ఉన్నప్పుడు తెరిచిన కిటికీతో సమానం. మెట్ల కింద గోడ పగుళ్లు. ఇంటి పునాదికీ బయట చప్టాకీ మధ్య విడిపోయిన సందు. వీటిని మూసేటప్పుడు ముందు గిన్నెలు తోమే స్టీలు పీచు కూరి, దాని మీద సిమెంటు పూయండి. వట్టి సిమెంటు అంచుల్లో ఎలుక తవ్వుతుంది, స్టీలు పీచు తగిలితే ఆగిపోతుంది.

మూసే ముందు ఒక జాగ్రత్త. లోపల పాము ఉండగా కన్నం మూస్తే అది ఇంట్లోకి దారి వెతుక్కుంటుంది. దీనికి ఇంట్లో ఉన్నదే వాడదాం. ముగ్గు పిండి. సాయంత్రం కన్నం ముందు ముగ్గు పిండి పలచగా, నున్నగా పరిచి వదిలేయండి. పొద్దున్న చూస్తే చిన్న చిన్న కాలి గుర్తులుంటే ఎలుకలు, వంకర టింకర గీత ఉంటే పాము. గీత ఉంటే మూయకండి, పాములు పట్టేవాళ్లని పిలవండి. వరసగా మూడు నాలుగు రోజులు పిండి చెదరకపోతే అప్పుడు మూసేయండి. ఎలుకలు తిరుగుతుంటే ముందు ఎలుకల పని చూసి తర్వాత మూయండి, లేకపోతే అవి గోడలో చచ్చి వాసన కొడతాయి.

పెంకుటిళ్లు, రేకుల ఇళ్లు ఉన్నవాళ్లకి అన్ని సందులూ మూయడం కుదరదు, నాకు తెలుసు. వాళ్లు రెండు పనులు తప్పకుండా చేయండి. నేల మీద పడుకోవడం మానేసి మంచం మీద పడుకోండి. దోమతెర కట్టుకుని అంచులు పరుపు కిందకి దోపండి. కట్లపాము ఎక్కువగా కరిచేది రాత్రిపూట నేల మీద నిద్రపోయేవాళ్లనే. ఆ కాటు నొప్పి కూడా పెద్దగా తెలియదు, గుర్తు కూడా కనిపించకపోవచ్చు. దోమతెర దోమలతో పాటు దీన్నీ ఆపుతుంది.

పెరట్లో ఏం తీసేయాలి?

పెరడు అంటే అంతా సిమెంటు వేసేయమని కాదు. చెట్లు ఉండొచ్చు, పూలమొక్కలు ఉండొచ్చు. నేల మీద చీకటి సందులు ఉండకూడదు, అంతే.

మన ఇళ్లల్లో ప్రహరీ మూల ఒకటి ఉంటుంది. ఇల్లు కట్టినప్పుడు మిగిలిన ఇటుకలు, పగిలిన టైల్స్, పాత సింకు, కొబ్బరి మట్టలు, "ఎప్పటికైనా పనికొస్తాయి" అని పెట్టిన రేకులు అన్నీ అక్కడే. నేను పట్టిన పాముల్లో చాలావాటి ఇల్లు అదే. ఆ గుట్ట తీసేయండి. తీసేటప్పుడు పగటిపూటే తీయండి, బూట్లు వేసుకోండి, ముందు పొడుగు కర్రతో కదిపి, తర్వాత పైనుంచి ఒక్కొక్కటీ తీయండి. వేళ్లు కింద పెట్టి ఎత్తకండి. కట్టెలు, పిడకలు నిలవ పెట్టుకోక తప్పదు అనుకుంటే నేల నుంచి అడుగు ఎత్తులో బల్లో రాళ్లో పెట్టి దాని మీద పేర్చండి, ఇంటి గోడకి ఆనించకుండా దూరంగా పెట్టండి. గడ్డివాము కూడా అంతే, పడగ్గది కిటికీ పక్కన వేయకండి.

గడ్డి పొట్టిగా ఉంచండి. మందారం, క్రోటన్ లాంటి పొదలకి కింద అడుగు మేర కొమ్మలు కత్తిరిస్తే నేల కనిపిస్తుంది. నేల కనిపించే చోట పాము నిలవదు, ఎందుకంటే గద్దకీ ముంగిసకీ దొరికిపోతుందని దానికి భయం. కిటికీకి పాకిన మల్లెతీగ, బోగన్‌విలియా, సన్‌షేడ్ మీదికి వాలిన జామకొమ్మ, ఇవి పాముకి నిచ్చెనలు. ఇంటికీ కొమ్మకీ మధ్య మూడు నాలుగు అడుగులు ఖాళీ ఉంచండి.

తర్వాత తిండి. బియ్యం, ధాన్యం బస్తాలు నేల మీద కాకుండా బల్ల మీద, గోడకి జానెడు దూరంగా పెట్టండి. వీలైతే మూత ఉన్న డ్రమ్ముల్లో పోయండి. కుక్కకి పెట్టిన అన్నం రాత్రంతా గిన్నెలో వదిలేయకండి. కోళ్లకి చల్లిన నూకలు, తవుడు సాయంత్రం ఊడ్చేయండి. కోళ్లగూడు ఉంటే గుడ్లూ పిల్లలూ కూడా పాముకి తిండే, గూటికి సన్న జాలీ కొట్టించండి. పిట్టలకి గింజలు వేసే అలవాటు ఉంటే నేల మీద పడ్డవి ఎత్తేయండి. గిన్నీ కోళ్లు, బాతులు పెంచితే పాములు రావు అంటారు. పాముని చూసి అవి అరుస్తాయి, అది నిజమే. కానీ వాటి దాణా తినడానికి ఎలుకలు వస్తే లాభం ఏముంది?

ఎలుకల్ని ఎలా తగ్గించాలి? బోను పెట్టండి. మందు పెడితే ఆ మందు తిన్న ఎలుకని జెర్రిపోతో, గుడ్లగూబో, మీ పిల్లో తింటే వాటికీ ముప్పు. జిగురు అట్టలు బయట గోడల పక్కన అసలు పెట్టకండి. ఎలుక కోసం పెడతారు, బల్లీ పామూ అతుక్కుని రోజుల తరబడి గిలగిల్లాడి చస్తాయి. అతుక్కున్నది కట్లపాము అయితే దాన్ని తీయబోయే మనిషికి అది ఇంకా ప్రమాదం.

నీళ్ల సంగతి. కుళాయి కింద ఎప్పుడూ తడి, వాడని తొట్టి, కూలర్ కింద నీళ్లు, ఇవి కప్పల్ని పిలుస్తాయి. ఎండాకాలంలో అయితే ఆ చల్లదనం కోసం పామే వచ్చి చుట్టుకుని పడుకుంటుంది. కూలర్ వెనక, నీళ్ల కుండ కింద, చెప్పుల స్టాండ్ అడుగున చూడకుండా చెయ్యి పెట్టకండి. చెప్పులు, బూట్లు దులిపి వేసుకోండి. గుమ్మం మీద లైట్ రాత్రంతా వెలగనివ్వకండి. కావాలంటే పసుపు రంగు బల్బు పెట్టండి, తెల్లదాని కన్నా పురుగులు తక్కువ చేరతాయి. పురుగులు తగ్గితే కప్పలు, బల్లులు తగ్గుతాయి. మీరు మాత్రం చీకట్లో బయటికి వస్తే టార్చ్ లేకుండా అడుగు వేయకండి.

ప్రహరీ, గేటు, జాలీ కంచె

ప్రహరీ గోడకి వాన నీళ్లు పోవడానికి అడుగున రంధ్రాలు వదులుతారు. నీళ్లు పోవాలి కాబట్టి మూయకూడదు, జాలీ పెట్టాలి. ఆకులు అడ్డం పడకుండా నెలకోసారి చూసుకుంటే చాలు. గేటు కింద నాలుగు వేళ్ల సందు ఉంటుంది, దానికి రేకు పట్టీ బిగించొచ్చు.

పిల్లలు ఆడుకునే చోటుకి, కోళ్ల షెడ్డుకి కంచె కావాలంటే లోహపు జాలీతో వేయించండి. కన్నం పావు అంగుళానికి మించకూడదు. మూడు అడుగుల ఎత్తు, అర అడుగు భూమిలోకి పాతాలి, పై భాగం బయటివైపుకి వాల్చాలి. పాము ఎక్కబోతే ఆ వాలు దగ్గర పట్టు దొరకదు. స్తంభాలు లోపలివైపు ఉండాలి. బయట గడ్డి పెరిగి జాలీ మీదికి వాలితే అంతా వృథా. పెరడు మొత్తానికి ఇది ఖర్చు ఎక్కువ, కావాల్సిన చోటుకి చాలు.

ఒక విన్నపం. పాత చేపల వల, నైలాన్ వల గోడకీ గేటుకీ కట్టకండి. చాలా ఊళ్లలో కడుతున్నారు. పాము తల దూరుస్తుంది, పొలుసులు వెనక్కి రానివ్వవు, దారం ఒంట్లోకి కోసుకుపోతుంది. దాన్ని తప్పించడానికి కత్తెర పట్టుకుని దగ్గరికి వెళ్లేది మనిషే. అందులో పడ్డది జెర్రిపోతో నాగుపామో వలకి తెలియదు కదా.

చల్లే మందుల సంగతి

ఇక పొడుల దగ్గరికి వద్దాం. గంధకం, కలరా ఉండలు, ఫినాయిల్, యాసిడ్, వెల్లుల్లి నీళ్లు, ఇంగువ, ఈశ్వరి వేరు, సర్పగంధ మొక్క. ప్రతి ఊళ్లో ఒక పేరు చెప్తారు. అమెరికాలో 1985లో ఇద్దరు పరిశోధకులు ఇలాంటి ఇంటి మందులని పాముల మీద పరీక్షించి చూశారు. గంధకం, కలరా ఉండలు కూడా అందులో ఉన్నాయి. ఏదీ పాముని ఆపలేదు. వాన ఒక్కసారి పడితే చల్లింది కొట్టుకుపోతుంది కూడా. మొక్కలు నాటుకోవాలనుకుంటే నాటుకోండి, తప్పు లేదు. కానీ ఈశ్వరి తీగ కుండీలో ఉంది కదా అని తూముకి జాలీ వేయకుండా ఉండకండి.

వీటిలో చాలావి పనిచేయవు, అంతే. ఒకటి మాత్రం ప్రాణం తీస్తుంది. పల్లెల్లో ఇంటి చుట్టూ గుళికలు చల్లుతారు. ఫోరేట్ గుళికలు. పొలంలో పురుగుకి వాడిన మందు అది, మనిషికి తీవ్రమైన విషం. దాని వాడకాన్ని మన దేశంలో 2020 డిసెంబరు చివరితో నిషేధించారు. ఇంకా పాత డబ్బాలు ఇళ్లల్లో ఉన్నాయి. పాకే పిల్లలున్న ఇంటి చుట్టూ, కోళ్లు ఏరుకు తినే వాకిట్లో విషం లేని జెర్రిపోతు భయానికి ఈ విషం చల్లడం ఎంతవరకు సబబు? మీరే చెప్పండి. మీ దగ్గర ఉంటే ముట్టుకోకుండా పక్కన పెట్టి, వ్యవసాయ అధికారిని అడిగి వదిలించుకోండి.

ఇంత చేసినా ఇంట్లోకి వస్తే?

కంగారు పడకండి. పిల్లల్ని, కుక్కని, పిల్లిని ముందు వేరే గదిలోకి పంపండి. పాము ఉన్న గది నుంచి మిగతా గదుల్లోకి వెళ్లే తలుపులు మూసి, కింద దుప్పటి నొక్కండి. బయటికి వెళ్లే తలుపు ఉంటే తెరిచి పెట్టండి. ఒకరు ఆరేడు అడుగుల దూరం నుంచి కన్ను తీయకుండా చూస్తూ ఉండాలి. పాములు పట్టేవాళ్లు వచ్చేసరికి "ఇప్పటిదాకా ఇక్కడే ఉందండి" అనే పరిస్థితి వస్తే ఇల్లంతా వెతకాలి. హైదరాబాదులో అయితే ఫ్రెండ్స్ ఆఫ్ స్నేక్స్ సొసైటీ లాంటి సంస్థ ఉంది. మిగతా చోట్ల అటవీ శాఖని కానీ అగ్నిమాపక కేంద్రాన్ని కానీ అడిగితే దగ్గర్లో పట్టేవాళ్లు ఎవరో చెప్తారు. ఆ నంబరు ఈ రోజే ఫోన్‌లో పెట్టుకోండి, పాము వచ్చాక వెతకొద్దు.

కర్ర తీసుకోకండి. పాములు వన్యప్రాణి సంరక్షణ చట్టం కింద ఉన్నాయి, చంపడం నేరం. చట్టం సంగతి అలా ఉంచినా, కొట్టడానికి దగ్గరికి వెళ్లడమే కాటు తినే దారి. ఊరికే వెళ్లిపోయే పాముని మూలకి తరిమితే అది కరవక ఏం చేస్తుంది? చచ్చిందనుకున్న పాము తల కూడా కాసేపటిదాకా కరవగలదు.

పొరపాటున కరిస్తే, "చిన్న పామే, విషం లేనిదే" అని ఎవరు చెప్పినా వినకండి. ఏ పామో ఖచ్చితంగా తెలియనప్పుడు విషం ఉన్నదనే లెక్క. కోయొద్దు, నోటితో పీల్చొద్దు, తాడు బిగించి కట్టొద్దు. ఉంగరాలు, గాజులు, మెట్టెలు తీసేయండి, వాపు వస్తే అవి బిగుసుకుంటాయి. కరిచిన చెయ్యో కాలో కదలకుండా చూసి, 108కి ఫోన్ చేసి లేదా దొరికిన బండి మీద తిన్నగా ఆసుపత్రికి వెళ్లండి. మంత్రం దగ్గరికో, పసరు దగ్గరికో వెళ్తే పోయేది సమయం. విషానికి విరుగుడు ఇంజెక్షన్ ప్రభుత్వ ఆసుపత్రుల్లో ఉచితంగా ఇస్తారు. పాముని చంపి సంచిలో తీసుకెళ్లాల్సిన పని లేదు. మన దగ్గర వాడే మందు నాగుపాము, కట్లపాము, రక్తపింజర, చిన్నపింజర నాలుగింటికీ కలిపి తయారుచేసిందే. పొద్దున్న లేచేసరికి కారణం లేకుండా కడుపునొప్పి, కనురెప్పలు వాలిపోవడం, మాట ముద్దగా రావడం ఉంటే రాత్రి కట్లపాము కరిచి ఉండొచ్చని అనుమానించి వెంటనే వెళ్లండి.

చివరిగా ఒక విషయం. రెండు వందల ఏళ్లకి పైగా వెనక్కి వెళ్తే, విశాఖపట్నంలో ఈస్టిండియా కంపెనీ తరఫున పనిచేసిన పాట్రిక్ రస్సెల్ అనే వైద్యుడు మన కోస్తా పాముల మీద 1796లో ఒక పెద్ద పుస్తకం వేశాడు. అందులో చాలా పాములకి ఇక్కడి జనం చెప్పిన తెలుగు పేర్లే రాసుకున్నాడు. రక్తపింజరని కాటుక రేకుల పొడ అని రాశాడు. ఆ పాముకి ఇంగ్లీషులో ఇప్పుడు ఆయన పేరే ఉంది. ఒంటి మీద కాటుకతో గీసినట్టున్న మచ్చలు చూసి పేరు పెట్టగలిగినంత దగ్గరగా మన పెద్దలు పాముల్ని చూశారు. ఇప్పుడు మనం జెర్రిపోతుకీ నాగుపాముకీ తేడా తెలియకుండా రెండింటినీ ఒకే కర్రతో కొడుతున్నాం. మీ పిల్లలకి కనీసం నాలుగు విషపు పాముల పేర్లూ, జెర్రిపోతు పేరూ నేర్పండి. ముట్టుకోవడానికి కాదు, దూరంగా నిలబడి చూడటానికి.

ఈ ఆదివారం చేయాల్సినవి మూడే మూడు. పెన్సిల్ పట్టుకుని ఇంటి చుట్టూ ఒకసారి తిరగండి. బాత్రూమ్ జాలీ బిగించండి. ప్రహరీ మూలన ఉన్న ఆ గుట్ట తీసేయండి. మిగతావి నెమ్మదిగా చేసుకోవచ్చు. వచ్చే ఎపిసోడ్‌లో ఎలుకల బోను ఎక్కడ పెట్టాలి, ఎలా పెట్టాలి అనేది విడిగా మాట్లాడుకుందాం.